మన వెన్నెల తీసినది ఎవరు?

పోయిన నెల బ్రాంప్టన్‌లో ఒక విందుకి వెళ్ళాను. నా మాటలు విని ఒక అంకుల్ నవ్వారు. "నీది తెలుగు కాదమ్మా, తెలుగులాంటిది" అన్నారు. సరదాకే అన్నారు. అయినా ఇంటికి వచ్చేదాకా ఆ మాట గుచ్చుకుంటూనే ఉంది.

ఆ రాత్రి అమ్మమ్మతో కూర్చుని "మాయాబజార్" (1957) చూశాను. అమ్మమ్మకి డైలాగులన్నీ నోటికి వచ్చు. నాకు సగమే అర్థమవుతాయి. కానీ వెన్నెల్లో పడవ పాట వచ్చినప్పుడు ఇద్దరం ఒకేలా చూశాం. నీళ్ళ మీద ఆ వెలుగుకి ఎవరూ నాకు అర్థం చెప్పక్కర్లేదు.

ఆ వెలుగు ఎవరిది? కెమెరామన్ మార్కస్ బార్ట్లీది. ఆయన ఆంగ్లో ఇండియన్. తెలుగు ఆయనకి పుట్టుకతో వచ్చిన భాష కాదు. అయినా "స్వర్గసీమ" (1945), "పాతాళభైరవి" (1951), "మిస్సమ్మ" (1955), "గుండమ్మ కథ" (1962) కూడా ఆయన తీసినవే. మలయాళంలో "చెమ్మీన్" (1965) కూడా ఆయనదే. తమిళ "శాంతి నిలయం"కి జాతీయ అవార్డు వచ్చింది.

ఘటోత్కచుడి నోట్లోకి లడ్డూలు వాటంతట అవే వెళ్ళే సీను గుర్తుందా? అప్పుడు కంప్యూటర్లు లేవు. మాయలన్నీ కెమెరాతోనో, ల్యాబులోనో, సెట్ మీదో చేయాలి. ఫిల్ముని వెనక్కి తిప్పి, దాని మీదే మళ్ళీ షూట్ చేయడం అప్పటి పద్ధతుల్లో ఒకటి. కొంచెం తేడా వస్తే మొదటికి రావాల్సిందే.

"కెమెరాకి భాషతో పనేముంది?" అని మీరు అడగొచ్చు. నేను ఒప్పుకోను. ఏ మాట దగ్గర సావిత్రి కళ్ళు ఎత్తుతుందో, ఎక్కడ ఎస్వీ రంగారావు నవ్వుతాడో పట్టుకోవాలంటే ఆ మాటల వెంట నడవాలి. తప్పుల్లేకుండా మాట్లాడటం వేరు, భాష కోసం పని చేయడం వేరు. రెండోది చేసినవాళ్ళు కూడా మనవాళ్ళే అని నా అభిప్రాయం. మనం పదాలు కూడబలుక్కునేది కూడా పనే.

కానీ మాయాబజార్ అనగానే మనం నటుల పేర్లే చెప్తాం. ఆయన పేరు అమ్మమ్మని అడిగితే, "ఏమోనే, టైటిల్స్ ఎప్పుడు చదివాం?" అంది. ఆ సినిమా ఎన్నిసార్లు చూసిందో ఆవిడకే లెక్క లేదు!

అందుకే మీకో చిన్న పని. పాత తెలుగు సినిమా పెట్టినప్పుడు టైటిల్స్ దాటేయకండి. ఆపి, ఒక్కో అక్షరం కలుపుకుంటూ చదవండి. చదవడం అలవాటవుతుంది, మనం మరిచిపోయిన పేర్లూ తెలుస్తాయి.

ఆ అంకుల్ మళ్ళీ కలిస్తే నేను వాదించను. మాయాబజార్‌లో వెన్నెల ఎవరు తీశారో అడుగుతాను. తెలుగులాంటి తెలుగులోనే.