గ్లూకోజు సీసా మోజు, చెలమ నీళ్ళ గోస

ఎండలు ముదిరాయో లేదో వడదెబ్బ కరపత్రం బయటికొస్తుంది. పన్నెండు నుంచి నాలుగు దాకా గడప దాటకండి, నూలు బట్టలు కట్టుకోండి, మజ్జిగ తాగండి. ఈ వారమూ అదే వచ్చింది, నిరుటి మాటల్లో ఒక్కటీ మారలేదు. భద్రాద్రి కొత్తగూడెం జిల్లా చర్ల, దుమ్ముగూడెం, గుండాల, కరకగూడెం మండలాల్లో ఈ కాగితం ఎవరికి పనికొస్తుందో రాసినవాళ్ళే చెప్పాలి. అక్కడ ఏప్రిల్, మే అంటే తునికాకు కాలం. చీకటితోనే అడవికి పోయి, ఎండ నెత్తికెక్కేసరికి ఆకుతో ఇల్లు చేరి, యాభై ఆకుల లెక్కన కట్టలు కట్టి, పొద్దుగూకేలోగా కొనుగోలు కల్లంలో అప్పజెప్పాలి. ఏడాది మొత్తంలో చేతికి రొక్కం ఆడే రోజులవి. చంటిబిడ్డ తల్లికీ మినహాయింపు లేదు. బిడ్డను చంకనేసుకుని పోతుంది, లేదా ఏడెనిమిదేళ్ళ అక్కకు అప్పగించి పోతుంది. అంతకు ముందు సాగే మిర్చి కోతల్లోనూ ఇదే కథ. 2020 ఏప్రిల్‌లో, లాక్‌డౌన్ నడుమ, మన తెలంగాణ మిర్చి చేల నుంచి ఛత్తీస్‌గఢ్‌లో బీజాపూర్ జిల్లాలోని సొంతూరికి కాలినడకన బయల్దేరిన పన్నెండేళ్ళ పిల్ల ఇల్లు ఇంకాస్త దూరంలో ఉందనగా దారిలోనే ప్రాణం విడిచింది. ఒంట్లో నీరూ లవణాలూ తగ్గిపోవడమే కారణం కావచ్చని వైద్యులన్నారు. పన్నెండేళ్ళ ఒంటికే అలా అయితే పన్నెండు నెలల ఒంటికి ఎంత గడువుంటుంది?

ఎండ వల్లైనా, విరేచనాల వల్లైనా చంటిపిల్లల ఒంట్లో నీరు తగ్గిపోవడాన్ని (డీహైడ్రేషన్) కనిపెట్టడానికి యంత్రాలక్కర్లేదు. నోరు ఎండిపోతుంది, కళ్ళు పీక్కుపోతాయి, ఏడిస్తే కన్నీళ్ళు రావు, నడినెత్తిన మాడు గుంటపడుతుంది, ఆరు గంటలైనా ఉచ్చ పోయదు. పొట్ట మీద చర్మాన్ని రెండు వేళ్ళతో పట్టి వదిలితే వెంటనే సర్దుకోకుండా మెల్లగా దిగుతుంది. మొదట్లో బిడ్డ చిరాకుపడుతూ ఉంటుంది, నీళ్ళు చూపిస్తే ఆబగా తాగుతుంది. ముదిరాక ఏడుపు ఆగిపోతుంది, మగతలోకి జారుతుంది, తాగడం మానేస్తుంది. ఇంట్లోవాళ్ళు మోసపోయేది సరిగ్గా ఇక్కడే. ఏడ్చి ఏడ్చి నిద్రపోయిందని ఊపిరి పీల్చుకునే ఆ గంటే అసలు ప్రమాదం. మరో చిక్కు కూడా ఉంది. పోషణ లేక బక్కచిక్కిన పిల్లలకు చర్మం ఎప్పుడూ వదులుగానే ఉంటుంది, కళ్ళు ఎప్పుడూ లోతుగానే ఉంటాయి. వాళ్ళ విషయంలో ఈ గుర్తులను చూసి మోసపోకూడదు. ఎన్ని విరేచనాలయ్యాయి, ఉచ్చ ఎప్పుడు పోసింది, తాగుతోందా లేదా అన్నవే చూడాలి. ఈ మూడింటి లెక్కా తల్లి దగ్గరే ఉంటుంది, ఆస్పత్రి దగ్గర కాదు.

మందూ కొండమీది కోతి కాదు. పిల్లలకు విరేచనాలు పట్టుకుంటే ప్యాకెట్ మీద రాసినన్ని కాచి చల్లార్చిన నీళ్ళలో ఓఆర్‌ఎస్ పొడి మొత్తం కలపాలి. రెండేళ్ళ లోపు బిడ్డకు విరేచనమైన ప్రతిసారీ పావు నుంచి అర గ్లాసు, ఆపై వయసు పిల్లలకు అర నుంచి గ్లాసు నిండా, చెంచాతో కొద్దికొద్దిగా పట్టాలి. వాంతి చేసుకుంటే పది నిమిషాలాగి మళ్ళీ మొదలుపెట్టాలి. తల్లిపాలు ఆపకూడదు. వైద్య సిబ్బంది చెప్పిన మోతాదులో జింకు పద్నాలుగు రోజులు వేయాలి. ఉప్పు, చక్కెర జోడెడ్లలా ఒకే కాడిన పేగు గోడ దాటుతాయి, నీరు వాటి వెంట నడుస్తుంది. కలరాలో కూడా ఈ దారి మూసుకుపోదు. 1971లో బంగ్లాదేశ్ శరణార్థులతో కిక్కిరిసిన బనగాం శిబిరంలో సెలైన్ నిండుకున్నప్పుడు డాక్టర్ దిలీప్ మహలనబిస్ ఉప్పు, గ్లూకోజు కలిపిన నీళ్ళను డ్రమ్ములకెత్తి రోగుల బంధువుల చేతే తాగించారు. వందకు ముప్ఫై దాకా ఉన్న చావులు నాలుగు లోపుకు పడిపోయాయి. ఆయనకు పద్మవిభూషణ్ ప్రకటించింది 2023లో, అప్పటికి ఆయన లేరు.

అయినా మన జనానికి పొడి మీద గురి లేదు, సీసా మీద ఉంది. ఈ శీర్షికలో పలుమార్లు రాశాను, మళ్ళీ రాస్తాను: గ్లూకోజు సీసా వేలాడదీస్తే తప్ప వైద్యం జరిగినట్టు కాదనే నమ్మకం తెలుగు నేలను పట్టిన జబ్బు. జ్వరానికి సీసా, నీరసానికి సీసా, పరీక్ష ముందు పిల్లవాడికి సీసా. ఆర్‌ఎంపీలు ఈ మోజు మీద బతుకుతున్నారు, చదువుకున్న డాక్టర్లూ దాన్ని కాదనడం లేదు. కర్ణాటక, బిహార్‌లలో రెండు వేలకు పైగా ప్రైవేటు వైద్యులపై జరిపిన అధ్యయనం 2024లో ‘సైన్స్’ పత్రికలో వచ్చింది. ఓఆర్‌ఎస్ రాయకపోవడంలో స్టాకు లేకపోవడం పాత్ర 6 శాతం, అమ్మకంలో లాభం పాత్ర 5 శాతం. రోగులకు అది ఇష్టం ఉండదులే అన్న వైద్యుల ఊహ పాత్ర 42 శాతం. నోరు తెరిచి అడిగినవాళ్ళకు మాత్రం ఎక్కువగానే రాశారు. ఐదో జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం విరేచనాలైన పిల్లల్లో ఓఆర్‌ఎస్ అందింది 60.6 శాతానికి, జింకు 30.5 శాతానికి. జనం అడగరు, వైద్యులు చెప్పరు. ఈ మౌనంలోనే పిల్లలు పోతున్నారు.

సెలైన్ ప్రాణాలు నిలబెట్టదా అంటారు. నిలబెడుతుంది. మగతలో ఉన్న బిడ్డకు, తాగలేని బిడ్డకు, ఏది పట్టినా కక్కేసే బిడ్డకు సెలైనే దిక్కు. అలాంటి బిడ్డను క్షణం ఆలస్యం చేయకుండా భద్రాచలం ఏరియా ఆస్పత్రికి చేర్చాల్సిందే. కానీ వాగు దాటి, డోలీ కట్టి, రోడ్డెక్కేదాకా బిడ్డ ఆ స్థితికి పోకుండా కాచేది చెంచాడు చెంచాడు ఓఆర్‌ఎస్సే. ఆదివాసీల అజ్ఞానం వల్లే ఇదంతా అనేవాళ్ళూ ఉన్నారు. వాళ్ళు ఒకసారి పట్నం మందుల షాపుల వైపు చూడాలి. పేరులో ఓఆర్‌ఎస్ తగిలించుకున్న తీపి పానీయాల డబ్బాలను ఏళ్ళ తరబడి కొన్నది చదువుకున్న అమ్మానాన్నలే. ప్రపంచ ఆరోగ్య సంస్థ సూత్రంలో లీటరుకు గ్లూకోజు 13.5 గ్రాములు, ఆ డబ్బాల్లో తీపి అంతకు ఎన్నో రెట్లు. తీపి మితిమీరితే పేగు నీటిని లోపలికి తీసుకోదు, ఎదురు లాగుతుంది. హైదరాబాద్ పిల్లల డాక్టర్ శివరంజని సంతోష్ ఎనిమిదేళ్ళు పోరాడితే గానీ, 2025 అక్టోబర్‌లో ఆహార భద్రతా సంస్థ ఆ పేరు వాడొద్దని ఆదేశించలేదు. 2022లో, 2024లో ఆ పేరు వాడుకునే వీలు కల్పించిందీ ఆ సంస్థే. అజ్ఞానం గూడేనిదా, గుమాస్తాలదా?

ఓఆర్‌ఎస్ కలపాలన్నా ముందు నీళ్ళుండాలి. అసలు ముడి ఇక్కడుంది. మావోయిస్టులకు వ్యతిరేకంగా నడిచిన సల్వాజుడుం నాళ్ళలో ఛత్తీస్‌గఢ్ నుంచి ప్రాణాలరచేత పట్టుకుని వచ్చిన గుత్తికోయ ఆదివాసీలు రిజర్వు అడవిలో గూడేలు కట్టుకున్నారు. వాటిలో చాలాచోట్ల ఎండాకాలం వాగు ఇసుకలో తోడిన చెలమే దిక్కు. బోరు వేయండంటే అటవీశాఖ చట్టం చూపుతుంది. 2006 అటవీ హక్కుల చట్టం 3(2) సెక్షన్‌ను మాత్రం ఎవరూ చూపరు. గ్రామసభ సిఫారసు చేస్తే, హెక్టారు లోపు స్థలంలో, హెక్టారుకు 75 చెట్లకు మించి కొట్టకుండా, తాగునీటికీ అంగన్‌వాడీకీ అడవిలో చోటివ్వవచ్చని అందులో ఉంది. వలస వచ్చినవాళ్ళకు బోరు వేస్తే ఆక్రమణలు పెరుగుతాయన్నది అధికారుల వాదన. పోడు (అడవి నరికి చేసే సాగు) గొడవలో నెత్తురు కూడా చిందింది కాబట్టి ఆ భయాన్ని తేలిగ్గా కొట్టిపారేయను. అయితే పట్టా ఎవరికివ్వాలన్నది ఒక తగువు, పాలిచ్చే తల్లికి మంచినీళ్ళివ్వాలా అన్నది అసలు తగువే కాదు. ఆర్నెల్ల లోపు బిడ్డకు ఎంత ఎండలోనైనా తల్లిపాలే నీరు. తల్లి గొంతెండితే బిడ్డ గొంతూ ఎండుతుంది.

2025లో తెలంగాణ ప్రభుత్వం వడగాడ్పును రాష్ట్ర విపత్తుగా గుర్తించి మృతుల కుటుంబాలకు పరిహారాన్ని 4 లక్షలకు పెంచింది, మంచిదే. చెలమ నీళ్ళు తాగి విరేచనాలతో పోయిన బిడ్డ ఆ లెక్కలోకి రాదు. చనిపోయాక ఇచ్చే 4 లక్షల్లో ఎన్ని కల్లాలకు పొడి, జింకు, కాచిన నీళ్ళు ఏర్పాటు చేయవచ్చో గిరిజనాభివృద్ధి సంస్థ (ఐటీడీఏ) లెక్కేసి చెప్పాలి. తునికాకు టెండరులో కట్టకెన్ని ఆకులో రాయగలిగిన సర్కారు, కల్లానికి ఎన్ని ప్యాకెట్లు ఉండాలో కూడా అందులోనే ఒక షరతుగా రాయవచ్చు. వచ్చే సీజన్ టెండరు నోటీసులో ఆ వాక్యం లేకపోతే, కరపత్రం అచ్చుకు పెట్టే ఖర్చన్నా మిగుల్చుకోండి.