అంకె వేరు, సంఖ్య వేరు

తెలుగులో ‘అంకె’ అనే మాటా వుంది, ‘సంఖ్య’ అనే మాటా వుంది. వాడుకలో ఒకదాని బదులు ఒకటి వాడేస్తూ వుంటాం. వాడినందువల్ల కొంపలేమీ మునిగిపోవు. అంకె అంటే గుర్తు. సంఖ్య అంటే ఆ గుర్తు తెలిపే విలువ. పలకమీద ‘ఏనుగు’ అని రాస్తే పలక బరువెక్కదు గదా! అలాగే 5 అని గీసినంత మాత్రాన అక్కడ అయిదు వస్తువులు వచ్చి కూర్చోవు. ఇదంతా బళ్ళో వేసిన పిల్లవాడికైనా తెలుసునంటారు మీరు. తెలుసు, కాని మరిచిపోతాడు, మనమూ మరిచిపోతాం. ఈ తేడాను ఒక్క క్షణం కూడా మరిచిపోనిది కంప్యూటరు ఒక్కటే.

తెలుగు పంతులుకి కంప్యూటరుతో ఏం పని అని మీకు అనుమానం రావచ్చు. పని పడింది లెండి, చెబుతాను. ముందు కాస్త ఉపోద్ఘాతం భరించాలి.

కీబోర్డు మీద 5 అనే మీట నొక్కారనుకోండి. లోపలికి వెళ్ళేది అయిదు కాదు, యాభైమూడు! సినిమాహాల్లో ప్రతి కుర్చీకీ నంబరు వున్నట్టు కంప్యూటర్లో ప్రతి గుర్తుకూ ఒక నంబరు వుంటుంది. ఆ నంబర్ల పట్టిక ఒకదాన్ని 1963లో అమెరికాలో ప్రమాణంగా ప్రకటించారు. దాని పేరు ఆస్కీ. అందులో 128 కుర్చీలు. సున్న గుర్తు 48లో కూర్చుంది, ఒకటి 49లో, అలా తొమ్మిది 57లో. కుర్చీ నంబరుకీ కూర్చున్నవాడి విలువకీ సంబంధం లేదన్నమాట.

అందుచేతనే, ఒక విద్యార్థి మార్కులు 45, 38 అని టైపు చేసి, రెండూ కలపవయ్యా అంటే చాలా ప్రోగ్రాము భాషలు 4538 అని చూపిస్తాయి. గుర్తుల్ని పక్కపక్కన చేర్చాయి, అంతే. వ్యాకరణం చదువుకున్నవాళ్ళం దీన్ని సంకలనం అనం, సంహిత అంటాం. కంప్యూటరు చేసింది తప్పు కాదు. అడిగినవాడు సంఖ్యలిచ్చానని అనుకుంటూ అక్షరాలిచ్చాడు.

మరి అంకెను సంఖ్యగా మార్చడమెలా? చాలా సులువు. 53 లోంచి 48 తీసెయ్యండి, అయిదు వస్తుంది. ఏ అంకెకైనా ఇంతే. ఆ 48 కూడా గుడ్డిగా పెట్టింది కాదు సుమండీ. కంప్యూటరు తన లెక్కలన్నీ ఒకట్లూ సున్నలతో రాసుకుంటుంది గదా. ఆ ఏడు స్థానాల రాతలో పది అంకెలకూ మొదటి మూడు స్థానాలు ఒకటే, 011. మిగిలిన నాలుగు స్థానాల్లోనూ వున్నది ఆ అంకె విలువే. అంటే తలపాగా తీసేస్తే లోపల మనిషి కనిపించినట్టు, ముందున్న మూడూ తీసేస్తే విలువ బయటపడుతుంది.

అయితే తెలివైన ప్రోగ్రాము రచయిత 48 అనే సంఖ్యను నోట పలకడు. డెన్నిస్ రిచీ 1970ల తొలి సంవత్సరాల్లో బెల్ లాబ్స్‌లో తయారుచేసిన ‘సీ’ భాషలో ఈ పని చెయ్యాలంటే, ‘5’ గుర్తు కుర్చీలోంచి ‘0’ గుర్తు కుర్చీ తీసెయ్యమని రాస్తారు. ఎందుకంటే అందరూ ఆస్కీ పట్టికే వాడలేదు. 1964లో ఐబియం వారు ప్రకటించిన పెద్ద కంప్యూటర్లకు వేరే పట్టిక వుంది. అందులో సున్న 240లో, తొమ్మిది 249లో. అక్కడికి వెళ్ళి అయిదులోంచి 48 తీసేస్తే 197 వస్తుంది! సున్న ఎక్కడ కూర్చుంటే అక్కణ్ణించి లెక్కపెట్టమంటే ఏ వూళ్ళోనైనా చెల్లుతుంది. 1989లో సీ భాషకు ప్రమాణం రాసినవారు, పట్టిక ఏదైనా సరే, పది అంకెలూ వరసగా పక్కపక్కనే వుండాలని కట్టడి చేశారు. అక్షరాలకు ఆ హామీ ఇవ్వలేదు. ఐబియం పట్టికలో ‘ఐ’ 201లో వుంటే ‘జె’ 209లో వుంది మరి. మధ్య కుర్చీలు ఇంగ్లీషు పెద్దక్షరాలవి కావు.

ఒక్క అంకె సరే, నాలుగంకెలు వరసగా వస్తేనో? ఎవరో చెబుతూ వుంటే మీరు రాసుకుంటున్నారనుకోండి. ‘ఒకటి’ అన్నాడు. మీ చేతిలో వున్నది 1. తర్వాత ‘తొమ్మిది’ అన్నాడు. వున్నదాన్ని పదితో హెచ్చవేసి తొమ్మిది కలిపితే 19. ‘అయిదు’ అంటే 195. ‘ఆరు’ అంటే 1956, ఆంధ్రప్రదేశ్ అవతరించిన సంవత్సరం. ఎన్ని అంకెలు వస్తాయో ముందుగా తెలియనక్కరలేదు.

మన పూర్వులు దీన్ని తలకిందులుగా చేశారు. శాసనాల్లోనూ కావ్యాల చివరా సంవత్సరం చెప్పేటప్పుడు మాటల్లో అంకెలు దాచి, ఒకట్ల స్థానం ముందు చెప్పడం వారి సంప్రదాయం. 1956ని ఆ పద్ధతిలో చెప్పాలంటే ‘రస బాణ గ్రహ చంద్ర’ అనొచ్చు. ఆరు, అయిదు, తొమ్మిది, ఒకటి. కుడినుంచి ఎడమకు చదువుకోవాలి. రసాలు తొమ్మిది కదా అని అలంకారశాస్త్రం చదివినవారు నన్ను నిలదీస్తారు. ఇక్కడ రసాలంటే నాలుకకు తెలిసే ఆరు రుచులండీ, శృంగారాదులు కావు.

ఇంకా ముచ్చటైనది కటపయాది. క నుంచి ఝ దాకా ఒకటి మొదలు తొమ్మిది, ఞ సున్న. మళ్ళీ ట నుంచి ధ దాకా ఒకటి మొదలు తొమ్మిది, న సున్న. ప నుంచి మ దాకా ఒకటి మొదలు అయిదు. య నుంచి హ దాకా ఒకటి మొదలు ఎనిమిది. సంగీతం నేర్చుకున్నవారికి ఇది కొట్టినపిండి. మేచకళ్యాణిలో మ అయిదు, చ ఆరు. తిప్పి చదివితే 65, అదే ఆ మేళకర్త సంఖ్య. ధీరశంకరాభరణంలో ధ తొమ్మిది, ర రెండు, కనక 29. హనుమత్తోడిలో హ ఎనిమిది, న సున్న, 08. చూశారా, ఇదీ అక్షరాన్ని సంఖ్యగా మార్చడమే, వరస మొదట్లోంచి లెక్కపెట్టడమే!

నేటి కంప్యూటర్లలో ప్రపంచ భాషలన్నిటికీ కలిపి యూనికోడు అనే మహా పట్టిక వుంది. అందులో మన ‘క’ 3093లో కూర్చుంది. అక్షరం నంబర్లోంచి 3092 తీసేస్తే క వరస కటపయాది విలువలు చక్కగా వస్తాయి. ట వరసకు 3102 తీసెయ్యాలి. ‘య’ వరస దగ్గరకు వచ్చేసరికి మాత్రం బండి పట్టాలు తప్పుతుంది. య, ర తర్వాత ల రావలసిన చోట ‘ఱ’ వచ్చి కూర్చుంది. అంచేత మూడు కావలసిన ‘ల’ నాలుగవుతుంది. ఐబియం పట్టికలో ఇంగ్లీషు అక్షరాలకు పట్టిన గతే ఇది. తీసివేత మీద నమ్మకం పెట్టుకునేముందు వరసలో చొరబడ్డవాళ్ళెవరైనా వున్నారేమో చూసుకోవాలి.

ఇక నాకు పడ్డ పని సంగతి. మా విద్యార్థి ఒకడు పాత కావ్య ముద్రణ ఒకదానికి పద్యసూచిక తయారుచేస్తున్నాడు. ఆ పుస్తకంలో పుటల సంఖ్యలు తెలుగు అంకెల్లో వున్నాయి. వున్నది వున్నట్టే ఎక్కించాలి, మార్చకూడదని నేనే పట్టుబట్టాను. ఎక్కించాడు. పుటల వరసన సర్దమంటే, ౧ తర్వాత ౧౦, ౧౧, ౧౨ వచ్చాయి. ౨ ఎక్కడో దూరంగా పడింది. అక్షరాలుగా చూస్తే అది అకారాది క్రమమే, తప్పు పట్టలేం. సంఖ్యలుగా మార్చాలన్నమాట. కంప్యూటరు చదువుకునే మిత్రుణ్ణి సాయం పట్టుకొచ్చాడు. ఆ కుర్రవాడు తనకు అలవాటైన 48నే తీసేశాడు. పన్నెండో పుట కాస్తా 34,398వ పుట అయింది!

“మాస్టారూ, ఇంత లావు కావ్యం ఎవరు రాశారండీ?” అన్నాడా మిత్రుడు, పాపం, మనస్ఫూర్తిగానే.

విషయమేమంటే, యూనికోడులో మన ౦ కూర్చున్నది 3174లో. ౧ 3175, ౨ 3176. వాటిలోంచి 48 తీసేస్తే వేలు మిగలక ఏం మిగుల్తుంది? 3174 తీసెయ్యమన్నాం. సర్దుకుంది, ఒక్క చోట తప్ప. అక్కడ పదో పుట ‘మైనస్ తొంభై’ అని వచ్చింది. వెతగ్గా వెతగ్గా తేలిందేమిటంటే, టైపు చేసేటప్పుడు అంకె సున్న బదులు అనుస్వారం పడింది. తెలుగువాళ్ళం రెండింటినీ సున్న అనే అంటాం, రెండూ గుండ్రంగానే వుంటాయి. అక్షరం సున్న కుర్చీ 3074. అంకె సున్నకు సరిగ్గా వంద కుర్చీలు వెనక. పదిలోంచి వంద పోగా మిగిలింది మైనస్ తొంభై! కాబట్టి తీసివేతకు ముందు, వచ్చినవాడు అసలు అంకేనా అని అడిగి మరీ లోపలికి రానివ్వాలి. ఈ కాపలా లేని ప్రోగ్రాములు కోకొల్లలు.

తెలుగు అంకెల్ని కంప్యూటరు చదవలేదని కొందరంటారు. అది వట్టిమాట. పైథాన్ భాషకు ౧౨౩ ఇచ్చి సంఖ్యగా మార్చమంటే మారుమాట లేకుండా నూట ఇరవైమూడు అంటుంది. జావా కూడా అంతే. జావాస్క్రిప్టు మాత్రం ‘సంఖ్య కాదు’ అని జవాబిస్తుంది. సీ భాష అంకెల కాపలాదారు పది ఇంగ్లీషు అంకెల్ని తప్ప ఎవరినీ గుమ్మం ఎక్కనివ్వడు. చెయ్యదలచుకున్నవాడికి సాధనం వుందని నా భావం. ఒక కార్యాలయం వారి దరఖాస్తులో ‘అంకెలు మాత్రమే వేయండి’ అని ముచ్చటైన తెలుగులో వుంది. తెలుగు అంకెలే వేశాను. ఎర్రటి అక్షరాల్లో మళ్ళీ ‘అంకెలు మాత్రమే వేయండి’ అంది! తెలుగు అంకెలు వాడుకలోకి రావాలని నేను ఉద్యమం చెయ్యను. రోజూ మార్కులు వేసేది నేనూ ఇంగ్లీషు అంకెల్లోనే. కాని తెలుగులో అడిగినవాడు తెలుగులో ఇచ్చింది పుచ్చుకోవద్దూ?

మార్చకపోవడం ఒక తప్పయితే, మార్చకూడనిదాన్ని మార్చడం అంతకన్న పెద్ద తప్పు. హాల్‌టికెట్టు నంబరు, బ్యాంకు ఖాతా నంబరు, ఫోను నంబరు — వీటిని మనం నంబర్లంటాం గాని ఇవి సంఖ్యలు కావు. రెండు ఫోను నంబర్లు ఎవరైనా కూడతారా? ఇవి అంకెలతో రాసిన పేర్లు. నాకు తెలిసిన ఒక పిల్ల హాల్‌టికెట్టు నంబరు సున్నతో మొదలయింది. జాబితా ఎక్కించినవారెవరో దాన్ని సంఖ్యగా మార్చారు. సంఖ్యలో ముందుండే సున్నకు విలువేముంది? ఎగిరిపోయింది. ఆ పిల్ల తన నంబరు వేసి ఫలితం చూస్తే, అటువంటి నంబరే లేదని వచ్చింది. పరీక్ష రాసిన పిల్ల, మొదటి శ్రేణిలో తప్పక వస్తుందని ఇంటిల్లిపాదీ ఎదురుచూస్తున్న పిల్ల! మూడు రోజులు ఈ గదికీ ఆ గదికీ తిరిగింది. సీటు ఫీజు కట్టడానికి ఆఖరి రోజు సాయంత్రానికి గాని ఆ సున్న దొరకలేదు. తండ్రి కూలిపని మానుకుని వెంట తిరిగాడు. ఆ మూడు రోజుల కూలీ ఎవరూ ఇవ్వలేదు. ముందు సున్న వుంటే ఇంకో చమత్కారం: సీ భాష ప్రోగ్రాములో 010 అని రాస్తే దానర్థం పది కాదు, ఎనిమిది. అక్కడ మొదటి సున్న ‘ఎనిమిదుల లెక్క’ అనడానికి సంకేతం.

మా విద్యార్థి పద్యసూచిక పూర్తయింది. ఇప్పుడు పాత కరణాల లెక్కల మీద పడ్డాడు. అక్కడ తెలుగు భిన్నాల గుర్తులు వస్తాయి — పావు, అర, ముప్పావు. ఆపైన వీసాలు, అంటే పదహారో వంతులు. నాలుగుల మీద నడిచే లెక్క అది. ఈ గుర్తుల్ని 2008లో యూనికోడులో చేర్చారు. హళ్ళితో కలిపి ఏడు. పైథాన్‌ను వీటిని సంఖ్యలుగా మార్చమని అడిగితే ససేమిరా అంది. పట్టికేమో పావు గుర్తుకీ, వీసం గుర్తుకీ కూడా విలువ ‘ఒకటి’ అనే చెబుతుంది; నాలుగింట ఒకటా పదహారింట ఒకటా అన్నది మనమే చూసుకోవాలి. తీసివేత ఇక్కడ పనికిరాదు. చివరకు కుర్రవాళ్ళిద్దరూ ఒక కాగితం మీద ఏడు గుర్తులకు ఏడు వరసలు గీసి, ఎదురుగా విలువలు రాసి, అదే ప్రోగ్రాములో ఎక్కించుకున్నారు.