సీమ కరువు ఎప్పటిది?

సంపాదకులకు,

రాయలసీమ మొదటి నుంచీ కరువు నేలేననీ, తెల్లదొరలొచ్చి కాలువ తవ్వాకే సేద్యం కుదుటపడిందనీ మీ పత్రికలో వచ్చిన వ్యాసంతో నేను ఏకీభవించలేను.

కడప జిల్లా పోరుమామిళ్ల చెరువు 1369 నాటి శాసనం చదివితే చాలు. చెరువుకు ఉండవలసిన పన్నెండు హంగులూ, ఉండకూడని ఆరు దోషాలూ అందులో చెప్పారు. కట్ట నుంచి నీరు ఊరడం, చౌడు నేల, నీరు తక్కువై ఆయకట్టు ఎక్కువవడం ఆ దోషాల్లో కొన్ని. ఇది సేద్యం తెలియని వాళ్ల రాత కాదు! నల్లరేగడిలో గొర్రుతో కొర్ర, పత్తి కలిపి విత్తేవారు. కొర్ర ముందు ఇంటికొచ్చేది, పత్తి ఆనక. వాన మోసం చేసినా ఏదో ఒకటి దక్కేది.

ఈస్టిండియా కంపెనీకి ముందు కరువులు లేవని నేననను. పాలెగాళ్ల పోరు, సైన్యాల దోపిడీ కూడా ఉన్నాయి. కానీ 1800లో నిజాం ఈ సీమను కంపెనీకి అప్పజెప్పాక శిస్తు ఎంత బరువైందంటే, దాన్ని వేసిన కలెక్టర్ మన్రోనే 1807లో నాలుగో వంతు తగ్గించాలని సిఫారసు చేశాడు. పైవాళ్లు వెంటనే ఒప్పుకోలేదు.

ఇక తెల్లదొరలు తవ్విన ఆ కర్నూలు–కడప (కె.సి.) కాలువ సంగతి. 1870ల మొదట్లోనే అందులో నీరు పారుతోంది. అయినా 1876–78 కరువు తర్వాత, 1881 లెక్కల్లో కర్నూలు జిల్లా జనాభా 1871 కంటే దాదాపు నాలుగో వంతు పడిపోయింది. ఆ జనమంతా ఏమయ్యారో వ్యాసకర్త ఒక్క వాక్యమైనా రాయవలసింది.

— ఒక రైతు, బద్వేలు