వనితాలోకము: మంచుగచ్చుపై ఒక సంవత్సరము



ఎండలకు అలవాటుపడిన మనకు అంతగా పరిచయము లేని యొక విద్యను ఈ మాసము మీ ముందుంచుచున్నాను. గడ్డకట్టిన నీటిపై ఉక్కు అలుగులు గల పాదరక్షలు తొడిగికొని జాఱుచు, తిరుగుచు, దూకుచు నాట్యమాడు విద్య యిది. దీనిని ఫిగర్ స్కేటింగు అందురు. చక్రముల బూట్లు వేసికొని సిమెంటు గచ్చుపై పరుగిడు బాలికలను మన పట్టణములలో మీరు చూచియే యుందురు. ఆ యాట దీనికి చెల్లెలు వంటిది.

ఆటల వార్తలతో గృహిణులకేమి పని యని కొందఱనుకొనవచ్చును. కాని ఈ యాటను నడపు పెద్దలు ఇటీవల తర్కించుకొనిన ప్రశ్న మన గడప లోపలి ప్రశ్నయే. ఆడుబిడ్డపై ఏ యీడున ఎంత భారము మోపవచ్చును? ఆమె నేర్చిన విద్య ఆమెదా, నేర్పించిన పెద్దలదా? 2024వ సంవత్సరపు శరత్కాలమున మొదలై 2025 మార్చితో ముగిసిన పోటీలను చూచినవారికి ఈ ప్రశ్నకు కొంత సమాధానము దొరకినది.

ఆట స్వరూపము

మంచుగచ్చు పొడవు 60 మీటర్లు, వెడల్పు 30 మీటర్లు. బూటు క్రింది అలుగు మందము సుమారు 4 మిల్లీమీటర్లు మాత్రమే. ఐనను దాని అడుగున నడుమ సన్నని గాడి యుండుటచే లోపలి యంచు, వెలుపలి యంచు అని రెండంచు లేర్పడును. ఏ యంచుపై ఒరిగినచో ఆ వైపునకు వంపుగా సాగుదురు. అలుగు మొదట రంపపు పళ్లవంటి పళ్లు కలవు. కొన్ని దూకుళ్లలో వానిని మంచున గ్రుచ్చి పైకెగురుదురు.

ప్రతి వనితయు రెండుమారులు ఆడవలయును. మొదటి లఘునృత్యము సుమారు 2 నిమిషముల 40 సెకండ్లు. రెండవ దీర్ఘనృత్యము సుమారు 4 నిమిషములు. గాలిలో మూడు చుట్లు తిరిగి ఒంటికాలిపై వెనుకకు జాఱుచు దిగుట నేటి స్త్రీల పోటీలలో సామాన్యము. ఆక్సెల్ అను దూకునందు ముందువైపు చూచుచు లేచుటచే మఱి యరచుట్టు అధికమగును. పాదము మంచును వీడి మరల తాకువఱకు పట్టు కాలము ఒక సెకండు కూడ నుండదు!

ప్రతి దూకునకును, బొంగరమువలె తిరుగు ప్రతి భ్రమణమునకును మూలవిలువ యొకటి ముందే నిర్ణయింపబడి యుండును. అది కుదిరిన తీరునుబట్టి తొమ్మండుగురు న్యాయనిర్ణేతలు ఐదు మెట్లవఱకు హెచ్చింతురు, లేదా ఐదు మెట్లవఱకు తగ్గింతురు. మిక్కిలి హెచ్చైన దానిని, మిక్కిలి తక్కువైన దానిని విడిచి తక్కినవాని సరాసరిని గైకొందురు. కూర్పునకు, ప్రదర్శనమునకు, పాదనైపుణ్యమునకు వేఱుగా గుణము లిత్తురు.

స్త్రీకి చోటు దొరకిన విధము

1902వ సంవత్సరమున లండనులో జరిగిన ప్రపంచ పోటీకి మాడ్జ్ సయర్స్ అను ఆంగ్ల వనిత తన పేరు నమోదు చేసికొనెను. అంతవఱకు పురుషులే ఆడుచుండిరి. స్త్రీలు రాగూడదను నియమము పుస్తకమున లేదు. ఏ స్త్రీయైన వచ్చునని యెవరికిని తోచకపోవుటయే దానికి కారణము. ఆమె పురుషుల నడుమ ఆడి, స్వీడను దేశీయుడగు ఉల్రిక్ సాల్కోవ్ తరువాత రెండవ స్థానము గైకొనెను. పిదప పెద్దలు స్త్రీలు ఆ పోటీలో పాల్గొనరాదని నిషేధించిరి. ఐనను 1906లో స్త్రీలకు వేఱుగా పోటీ నెలకొల్పక తప్పలేదు. దానిని గెలిచినదియు ఆమెయే. 1908లో ఒలింపిక్ స్వర్ణపతకమును గూడ ఆమె పొందెను. నేడు ఈ యాటను లోకము చూచునది ముఖ్యముగ స్త్రీల కొఱకే యనిన అతిశయోక్తి కాదు.

ఈడు నియమము

చోటు దొరకిన పిమ్మట వేఱొక చిక్కు వచ్చిపడినది. ఒప్పులకుప్ప తిరుగు బాలికలు దగ్గఱకు జఱిగినకొలది వేగము హెచ్చుట మీరెఱుగుదురు. అట్లే సన్నని చిఱుత శరీరము గాలిలో వేగముగ తిరుగును. కావున యౌవనము రాకమున్నే కఠినమైన దూకుళ్లు నేర్పించి, పదునైదేండ్లకు గెలిపించి, పదునేడేండ్లకు మఱచిపోవు పద్ధతి కొన్ని శిక్షణశాలలలో బలపడెను. దిగునప్పుడు ఒంటికాలిపై పడు బరువు శరీరభారమునకు ఎన్నో రెట్లు. అది లేత యెముకలపై, నడుముపై పడును. తూకము పెరుగునేమోయని తిండి తగ్గించుట దీనికి తోడు.

2022 ఫిబ్రవరిలో బీజింగు ఒలింపిక్ క్రీడలయందు రష్యాకు చెందిన 15 ఏండ్ల బాలిక కమీలా వలియేవా ఒలింపిక్ పోటీలో నాలుగు చుట్ల దూకును సాధించిన మొదటి స్త్రీయయ్యెను. మఱునాడే, అంతకు మున్ను డిసెంబరులో తీసిన పరీక్షలో నిషిద్ధమైన హృద్రోగపు మందు కనబడినదను వార్త వచ్చెను. ఆమెను ఆడనిచ్చిరి, దీర్ఘనృత్యమున ఆమె పలుమారులు తడబడి పడి, కన్నీటితో నాలుగవ స్థానమునకు దిగెను. 2024 జనవరిలో క్రీడా న్యాయస్థానము ఆమెకు నాలుగేండ్ల నిషేధము విధించెను. ఆ మందు ఆమె చేతికెట్లు వచ్చెనో విచారించుచు నుండగనే లోకము అడిగిన ప్రశ్న యొకటి కలదు: ఈ వయసు పిల్ల చుట్టును ఉన్న పెద్దలేమి చేయుచుండిరి?

వయఃపరిమితిని గూర్చిన చర్చ అంతకుముందే యున్నను, ఈ యుదంతము దానికి తొందర కలిగించినది. 2022 జూనులో థాయిలాండు దేశపు ఫుకెట్ నగరమున అంతర్జాతీయ స్కేటింగు సమాఖ్య కూడి, పెద్దల పోటీలకు కనీస వయస్సును 15 నుండి క్రమముగ 17 ఏండ్లకు పెంచుటకు తీర్మానించెను. ఈ పదునేడేండ్ల నియమము సంపూర్ణముగ అమలులోనికి వచ్చిన మొదటి సంవత్సరమే మనము ముచ్చటించుకొను 2024–25. దీనిచే నష్టపడినవారును లేకపోలేదు. జపాను బాలిక మావో షిమాదా 2023, 2024, 2025 సంవత్సరములలో వరుసగా మూడుమారులు బాలికల ప్రపంచ విజేతయయ్యెను. ఐనను పుట్టినదినము కొన్ని నెలలు వెనుకబడుటచే 2026 ఒలింపిక్ క్రీడలకు అర్హత లేకపోయెను. నియమము మంచిదే యైనను దాని గీతకు ఆవల నిలిచిన బిడ్డకు అది కఠినముగనే తోచును గదా!

ఋతువు నడచిన తీరు

డిసెంబరులో ఫ్రాన్సు దేశపు గ్రెనోబుల్ నగరమున గ్రాండ్ ప్రీ అంతిమ పోటీ జరిగెను. ఆరుగురిలో ఐదుగురు జపాను వనితలే. గెలిచినది మాత్రము ఆఱవదియగు అమెరికా వనిత ఆంబర్ గ్లెన్. ఆమెకు 25 ఏండ్లు! బాల్యమున మనోవ్యాధిచే ఆట మానవలసి వచ్చెనని ఆమెయే దాచక చెప్పినది. పదునైదేండ్లకే పండిపోవలసిన ఆటయందు ఈమె ఇరువదియైదేండ్లకు ఫలించెను.

జనవరి మాసాంతమున ఎస్టోనియా రాజధాని టాలిన్‌లో యూరపు ఖండపు పోటీ జరుగగా, ఆ చిన్న దేశపు బిడ్డయే యగు నీనా పెట్రోకినా తనవారి యెదుట స్వర్ణము గైకొనెను. ఫిబ్రవరిలో దక్షిణ కొరియా వనిత కిం ఛేయన్ చైనా దేశపు హార్బిన్‌లో ఆసియా శీతకాల క్రీడలను, వెంటనే సియోలులో నాలుగు ఖండముల పోటీని గెలిచెను. ఈమె ధరించు నాట్యవస్త్రములను ఈమె తల్లియే స్వయముగ కుట్టుచుండెడిది. ఎక్కడ బిగువు, ఎక్కడ వదులు అను కొలత అలుగుల పాదములకు ఎంత ముఖ్యమో సూది పట్టిన మనకు వేఱుగ చెప్పనక్కఱలేదు.

పిడుగువంటి వార్త

2025 జనవరి 29వ తేది రాత్రి విచిటా నగరమునుండి వాషింగ్టనునకు వచ్చుచున్న ప్రయాణికుల విమానమును, సైనిక హెలికాప్టరును పొటోమాక్ నదిపై ఢీకొనినవి. రెండింటియందలి 67 మందియు మృతులైరి. వారిలో 28 మంది ఈ క్రీడకు చెందినవారు. అమెరికా జాతీయ పోటీల పిమ్మట జరిగిన శిక్షణ శిబిరము ముగించుకొని ఇండ్లకు మరలుచున్న బాలబాలికలు, వెంట వెళ్లిన తల్లిదండ్రులు, గురువులు!

బోస్టను నగరపు స్కేటింగు సంఘము ఒక్కటే ఆఱుగురిని గోల్పోయెను. ఇద్దఱు పిల్లలు, వారి తల్లు లిద్దఱు, గురువు లిద్దఱు. ఆ గురువులు 1994లో జోడి విభాగమున ప్రపంచ విజేతలైన ఎవ్‌గెనియా షిష్కోవా, వదీమ్ నౌమోవ్ దంపతులు. ఈ సంఘమునకు ఇట్టి దుఃఖము క్రొత్తది కాదు. 1961 ఫిబ్రవరిలో ప్రపంచ పోటీలకు పోవుచున్న అమెరికా జట్టు అంతయు బ్రస్సెల్స్ చెంత విమానము కూలి నశించెను. అందు ఈ సంఘపు గురువు మారిబెల్ విన్సన్ ఓవెన్, ఆమె కుమార్తె లిద్దఱును ఉండిరి. నాడు మృతుల పేర నెలకొల్పిన నిధి నేటికిని ధనహీనులైన యువ క్రీడాకారులకు చేయూతనిచ్చుచున్నది.

తెల్లవాఱకమున్నే లేచి, చలిలో బిడ్డను మంచుగచ్చునకు తీసికొనిపోయి, ప్రక్క బల్లపై కూర్చుండి వేచియుండు తల్లిని పతకముల పట్టికలో ఎవరును వ్రాయరు. ఈ ప్రమాదము నాడు లోకము ఆ తల్లుల ముఖములను మొదటిసారి చూచినది.

బోస్టను రాత్రి

ఇది జరిగిన రెండు నెలలకు, మార్చి మాసమున, అదే బోస్టను నగరమున ప్రపంచ పోటీలు జరిగెను. జపాను వనిత కావోరి సకామోటో 2022 నుండి మూడేండ్లు వరుసగా గెలిచి నాలుగవమారు వచ్చెను. ఆమె 24 ఏండ్ల పరిణతి గల క్రీడాకారిణి. నాలుగు చుట్ల దూకు లేకయే వేగముతోను, హుందాతనముతోను గెలుచు నేర్పరి. కాని ఆ రాత్రి మఱియొకరిది.

అలీసా ల్యూ 13 ఏండ్లకే అమెరికా జాతీయ విజేత. ఒంటరిగా ఐదుగురు బిడ్డలను పెంచిన తండ్రికి పెద్ద కుమార్తె. 14 ఏండ్లకు నాలుగు చుట్ల దూకు సాధించెను. 2022లో ఒలింపిక్కులయం దాడి, ప్రపంచ పోటీలలో కాంస్యము గెలిచి, పదునాఱేండ్ల వయస్సున ఆట చాలించితినని ప్రకటించెను. పసితనమంతయు మంచుగచ్చుపై గడచినదని, ఇక తన బ్రతుకు తాను చూచుకొనవలెనని ఆమె తలంపు. రెండేండ్లు అలుగులు ముట్టలేదు. స్నేహితులతో తిరిగెను, లాస్ ఏంజెలిస్ విశ్వవిద్యాలయమున మనస్తత్వశాస్త్రము చదువ మొదలిడెను.

2024 ఆరంభమున మంచుకొండలపై విహరించునపుడు వెనుకటి ఉత్సాహము మరల మనసున మెదలెను. తనంతట తానే మంచుగచ్చునకు పోయి చూచుకొనెను. తిరిగి వచ్చునపుడు మాత్రము ఒక కట్టుబాటు చేసికొనెను: పాట తానే ఎన్నుకొనును, ఉడుపు, శిక్షణవేళ తన యిష్టము. ఋతువు మొదట ఆమెకు గొప్ప జయములేమియు లేవు. గ్రాండ్ ప్రీ పోటీలలో ఒకచోట ఆఱవది, ఒకచోట నాలుగవది. జాతీయ పోటీలో గ్లెన్ తరువాత రెండవది. ఇవి ఆమెను కలవరపెట్టినట్లు కనబడలేదు.

బోస్టనులో లఘునృత్యమున 74.58 గుణములతో ముందు నిలిచెను. దీర్ఘనృత్యమునకు డోనా సమ్మర్ పాడిన పాటను ఎన్నుకొనెను. అందు నాలుగు చుట్ల దూకు ఒక్కటియు లేదు. ఉన్నది తడబాటు లేని పాదము, పాటతో కలసిన దేహము, ఆడుచున్నంతసేపు ముఖమున చెరగని నవ్వు. మొత్తము 222.97 గుణములు. సకామోటో 217.98తో రెండవది, మోనె చిబా 215.24తో మూడవది. 2006 తరువాత ఈ బిరుదు గెలిచిన మొదటి అమెరికా వనిత అలీసాయే. నాటికి ఆమెకు 19 ఏండ్లు. రెండు నెలలుగా దుఃఖమున నున్న ఆ నగరము లేచి నిలిచి కరతాళధ్వనులు చేసెను.

మనము గ్రహింపవలసినది

దీనిని చూచి పసిపిల్లలకు విద్య నేర్పరాదని తలంచుట పొరపాటు. బాల్యమున పడిన పునాదియే లేనిచో అలీసా రెండేండ్లు మాని మరల లేచి నిలువగలిగెడిదా? సంగీతము కానిండు, నృత్యము కానిండు, లెక్కలు కానిండు, లేతప్రాయమున అబ్బిన విద్య ఎముకలలో నిలుచును. దానికి తల్లిదండ్రుల శ్రమయు కావలయును.

భేదము మఱియొకచోట నున్నది. బిడ్డ అలసితిననిన వినువారుండవలయును. కొంతకాలము మానెదననినచో ఇంతవఱకు పోసిన ధనమును లెక్క చెప్పరాదు. పోటీలో మూడవ స్థానము వచ్చిననాడు ఇంట అన్నము చల్లారిపోరాదు. మానిన విద్యకు మరల రాదలచినచో తలుపు తెఱచి యుండవలయును. నియమములు చేయువారు వయస్సును పదునేడని వ్రాయగలరు. పదునేడేండ్ల వఱకు ఆ బిడ్డను ఎట్లు చూచుకొనవలయునో వ్రాయలేరు. ఆ పని ఇంటిది.

వేసవి సెలవులలో మన పిల్లలను ఏ తరగతిలో చేర్పింతుమా యని మీలో పెక్కురు ఆలోచించుచునే యుందురు. చేర్పింపుడు, శ్రద్ధగ నేర్పింపుడు. నెలకొకసారి మాత్రము బిడ్డను చెంత కూర్చుండబెట్టుకొని, “నీకిది సంతోషముగ నున్నదా, అమ్మా?” యని అడుగుడు. ఏమి చెప్పినను కోపింపక తుదివఱకు వినుడు.