అక్రమ కట్టడములు – న్యాయస్థానమే దిక్కా?

అనంతపురము వానకు మొగమువాచిన సీమ. ఇచ్చట సాలుసరి వర్షపాతము సగటున సుమారు 550 మిల్లీమీటర్లు. ఇట్టి చోట ఇండ్లు వరద పాలగుట వింతగా తోచును. అయినను 2022 అక్టోబరులో నడిమివంక పొంగి అనంతపుర పట్టణమున పలు పేటలు మునిగినవి. వంక దారి నాక్రమించి ఇండ్లు లేచినవి. వంక తన దారిని తాను వెదకికొన్నది. అంతకు ముందేడు నవంబరులో, నాడు ఈ జిల్లాలోనిదే యైన కదిరిలో, కట్టుచున్న మేడ పొరుగింటిపై కూలి పసిబిడ్డలతో సహా కొందరు అసువులు బాసిరి. పొరుగువాని గోడ పొరుగువాని సొంత వ్యవహారము మాత్రమే కాదనుటకు వేరు నిదర్శన మేల?

చట్టమునకు కొదువ లేదు. 2017 నాటి భవన నిర్మాణ నిబంధనలున్నవి. నోటీసిచ్చుటకు, పని నిలుపుటకు, సీలు వేయుటకు, కూల్చుటకు కమిషనరునకు అధికారమున్నది. కాని జరుగునదేమి? ఫిర్యాదు చేరును, నోటీసు గోడకంటును, స్లాబు మాత్రము రాత్రికి రాత్రి పడును. విసిగిన పౌరుడు తుదకు కోర్టు మెట్లెక్కును.

ఎక్కుటకు అతనికి హక్కు కలదు. ఉడుపి పట్టణమున నివాసస్థలములలో పథకమునకు విరుద్ధముగ సినిమాశాలకు పురపాలకసంఘ మనుమతించినపుడు, 1974లో సుప్రీంకోర్టు పొరుగువాని పక్షమున తీర్పు చెప్పినది. “నీకేమి నష్ట”మని అతనిని త్రోసివేయుటకు నాటినుండి వీలులేదు. 2024 డిశంబరు 17వ తేదీ తీర్పు మరింత కఠినమైనది. కాలహరణముగాని, అధికారుల అలసత్వముగాని, వెచ్చించిన ధనముగాని అక్రమమును సక్రమము చేయజాలవని సుప్రీంకోర్టు ప్రకటించినది. ఆమోదించిన ప్లానును పనిచోట ప్రదర్శింపవలెననియు, నివాసయోగ్యతా పత్రము లేనిదే విద్యుత్తు, నీటి కనెక్షనులు ఈయరాదనియు, తప్పు చేసిన అధికారులపై చర్య గైకొనవలెననియు ఆదేశించినది.

అయినను కోర్టు కొలతబద్ద పట్టి వీధివెంట తిరుగజాలదు. అనంతపురమునుండి అమరావతి హైకోర్టునకు 400 కిలోమీటర్లకు మించిన ప్రయాణము. అంత శ్రమపడి రిట్టు వేసిన పిదప, పెక్కుమారులు వెలువడు ఉత్తరువు “ఫిర్యాదును విచారించి తగు నిర్ణయము చేయుడు” అనునదే. కాగితము మరల ఆ కచ్చేరికే చేరును! ఇక ప్రభుత్వమో, 2007, 2015, 2019 సంవత్సరములలో అపరాధరుసుము గైకొని అక్రమములను క్రమబద్ధము చేయు పథకములను వెలువరించినది. నిబంధన ననుసరించి నాలుగడుగులు విడిచి కట్టినవాడు వెఱ్ఱివాడైనాడు. విడువనివాడు రుసుము చెల్లించి పెద్దమనిషియైనాడు. ఇంతకన్న అన్యాయమేమున్నది?

రెండవ పక్షమును మేము విస్మరింపము. పగచే పెట్టు ఫిర్యాదులు కలవు. బెదరించి సొమ్ము గుంజుటకు పెట్టునవియు కలవు. తెలియక కొన్నవారును, గతిలేక వంకగట్టున గుడిసె వేసికొన్నవారును కలరు. కావుననే 2024 నవంబరు 13వ తేదీన సుప్రీంకోర్టు, 15 దినముల నోటీసు లేక ఏ కట్టడమును కూల్చరాదన్నది. కాని రోడ్లు, నదులు, జలాశయముల నాక్రమించిన కట్టడములకు ఆ రక్షణ వర్తింపదనియు అదే తీర్పు చెప్పుచున్నది. పేదలకు వేరుచోట స్థలము చూపుట ప్రభుత్వ ధర్మము. వంకను వదలుట అందరి ధర్మము.

కమిషనరులు పునాదినాడే కదలవలెను. ప్రతి ఫిర్యాదునకు తేదీతో రసీదు, గడువులోపల జవాబు ఈయవలెను. వంకలకు, కుంటలకు హద్దురాళ్లు పాతవలెను. పౌరులును గోడలు లేచి గృహప్రవేశములైన పిదప గాక, ఆదిలోనే వ్రాతమూలకముగ ఫిర్యాదు చేసి, నకళ్లు, తేదీలుగల ఛాయాపటములు భద్రపరచవలెను. మేలుకొన్నవానికే కోర్టు వెంటనే తోడ్పడగలదు. న్యాయస్థానము తుది శరణ్యముగ నుండవలెను గాని, పురపాలకసంఘములకు బదులు కావలి కాయరాదు. కావలివారు నిద్రించిన ఊరికి తీర్పులెన్ని వచ్చినను, వాన వచ్చిననాడు వంకయే తీర్పు చెప్పును.