తలలు ఇక్కడ, సీట్లు అక్కడ

తమ్ముడూ, చెల్లీ! మీది తడ కావచ్చు, వాకాడు కావచ్చు, చిల్లకూరు కావచ్చు. పాతికేళ్లు నిండాయి, ఎమ్మెల్యేగా పోటీ చేయాలని ఉంది అనుకుందాం. మీ ఇల్లున్న నియోజకవర్గంలో నామినేషన్ వేయగలరా? వేయలేరు. సూళ్లూరుపేట, గూడూరు రెండూ ఎస్సీ రిజర్వుడు సీట్లు. పోనీ ఎంపీకి వేద్దామంటే, ఆ రెండూ తిరుపతి లోక్‌సభ కిందకొస్తాయి. అదీ ఎస్సీ రిజర్వుడే. యానాది బిడ్డ ఇక్కడ ఓటు వేయొచ్చు గానీ, తనకు ఓటు వేయమని అడగడానికి లేదు.

ముందే ఒక మాట. ఇది మాల, మాదిగ అన్నదమ్ముల మీద ఫిర్యాదు కాదు. ఆ సీట్లు వాళ్ల హక్కు, పోరాడి తెచ్చుకున్నవి. మనం అడిగేది ఒకటే: మరి మన సీటు ఏది?

ఆంధ్రప్రదేశ్ అసెంబ్లీలో 175 సీట్లు. అందులో ఎస్టీలకు 7. పాలకొండ, కురుపాం, సాలూరు, అరకు, పాడేరు, రంపచోడవరం, పోలవరం. మ్యాపు తీసి చూడండి. అన్నీ ఉత్తరాంధ్ర నుంచి గోదావరి దాకా ఉన్న ఏజెన్సీ పట్టీలోనే. పార్లమెంటుకున్న ఒకే ఒక్క ఎస్టీ సీటు అరకు కూడా అక్కడే. పోలవరం దాటి దక్షిణానికొస్తే ఇటు తడ దాకా, అటు అనంతపురం దాకా ఒక్క ఎస్టీ సీటు లేదు.

ఈ వైపు ఎస్టీలు లేరా అంటే, బోలెడంత మంది ఉన్నారు. 2011 జనాభా లెక్కల్లో నెల్లూరు జిల్లా జనం 29.6 లక్షలు. ఎస్టీలు దాదాపు 2.86 లక్షలు. పది మందిలో ఒకరు. వాళ్లలో ఎక్కువ మంది యానాదులే. ఇప్పటి ఆంధ్రప్రదేశ్ జనాభాను 175 సీట్లకు పంచితే, అవే లెక్కల ప్రకారం ఒక్కో సీటుకు వచ్చేది సుమారు 2.83 లక్షలు. అంటే ఒక్క నెల్లూరు జిల్లా ఎస్టీలే ఒక నియోజకవర్గమంత ఉన్నారు.

ఇందులో ఉన్న మెలిక జాగ్రత్తగా వినండి. ఎస్టీలకు ఎన్ని సీట్లు ఇవ్వాలో తేల్చేటప్పుడు రాష్ట్రంలోని ఎస్టీలందరి తలలూ లెక్కపెడతారు. రాజ్యాంగం 332వ అధికరణం చెప్పేది అదే. పులికాట్ ఒడ్డున పీతలు పట్టుకునే మన అవ్వ తల కూడా ఆ లెక్కలో ఉంటుంది. ఆ సీట్లు ఎక్కడ పెట్టాలో తేల్చేటప్పుడు మాత్రం ఆమె ఊరు ఎవరికీ కనబడదు.

ఎందుకు కనబడదు? 2002 డీలిమిటేషన్ చట్టం, సెక్షన్ 9 చూడండి. ఎస్సీ సీట్లను రాష్ట్రంలోని వేర్వేరు ప్రాంతాలకు పంచాలి, వాళ్ల శాతం ఎక్కువున్న చోట పెట్టాలి అని ఉంది. ఎస్టీల దగ్గరికొచ్చేసరికి శాతం అన్నింటికన్నా ఎక్కువున్న చోట పెట్టాలని మాత్రమే ఉంది. 'పంచాలి' అన్న మాట లేదు. కొండల్లో గుంపుగా ఉన్న తెగలకు ఆ రాత సరిపోయింది. చెరువు కట్టల మీద, కాలవ గట్ల మీద, రొయ్యల గుంటల కాడ విడివిడిగా బతికే మనకు సరిపోలేదు. మనం విడివిడిగా ఉన్నది కూడా సరదాకి కాదు. పని ఎక్కడుంటే అక్కడ గుడిసె వేసుకున్నాం. షార్ కోసం శ్రీహరికోట నుంచి లేపేస్తే తలో దిక్కూ పోయాం.

పోయినసారి గీతలు గీసినప్పుడు ఏమైందో గుర్తు చేసుకుందాం. జస్టిస్ కుల్దీప్ సింగ్ కమిషన్ 2001 లెక్కలతో పని చేసింది. 2008లో ఉత్తర్వు వచ్చింది, 2009 ఎన్నికల నుంచి అమలైంది. జిల్లాలో 11 సీట్లు 10 అయ్యాయి. అల్లూరు, రాపూరు సీట్లే మాయమయ్యాయి. నెల్లూరు లోక్‌సభ ఎస్సీ నుంచి జనరల్ అయింది. సర్వేపల్లి, గూడూరు, వెంకటగిరి, సూళ్లూరుపేట ఇప్పుడు తిరుపతి లోక్‌సభ కింద ఉన్నాయి. అంత మార్చినా మన పేరున ఒక్క గీత కూడా మారలేదు. కావలి నుంచి తడ దాకా ఉన్న తీరం ఇప్పుడు కావలి, కోవూరు, సర్వేపల్లి, గూడూరు, సూళ్లూరుపేట, ఇలా ఐదు ముక్కలు. బకింగ్‌హాం కాలవ గట్టు మీదున్న ఇళ్లకు పట్టాలు కావాలంటే ఐదుగురు ఎమ్మెల్యేల గుమ్మాలు ఎక్కాలి. ఏ ఒక్కరూ మన ఓటుతో మాత్రమే గెలవరు. అందుకే పోలింగ్ ముందు రోజు గుర్తొస్తాం, మర్నాడు మరిచిపోతారు.

ఇప్పుడు మళ్లీ గీతలు గీసే కాలం దగ్గరపడింది. 2014 విభజన చట్టం సెక్షన్ 26 మన అసెంబ్లీ సీట్లను 225కి పెంచమంటోంది. 2026 తర్వాత జరిగే జనాభా లెక్కలు వచ్చేదాకా అది కుదరదని 2025 జూలైలో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ లెక్కలకు ప్రాతిపదిక తేదీ 2027 మార్చి 1. రాష్ట్రంలో ఎస్టీలు అయిదున్నర శాతం. ఆ వాటాతో చూస్తే 225లో పన్నెండు సీట్ల దాకా రావాలి. కాబట్టి పాడేరు అన్నల సీటు మనకివ్వమని అడగాల్సిన పని లేదు. పెరిగే సీట్లలో ఒకటి ఈ తీరానికి రావాలని అడుగుదాం.

"మీరు పది శాతమే కదా, మెజారిటీ లేని చోట రిజర్వేషనా?" అంటారు. ఎస్సీ సీట్లలో ఎస్సీలు సగానికి పైగా ఉంటేనే ఇస్తున్నారా? 2021లో నెల్లూరు నగర మేయర్ పదవి ఎస్టీలకు రిజర్వ్ అయింది. నగరమేమీ మునిగిపోలేదు.

చేయాల్సిన పనులు నాలుగు. ఒకటి, లెక్కల వాళ్లు వచ్చినప్పుడు గుంటల కాడ కాపలా ఉన్న కుటుంబం కూడా తప్పిపోకూడదు. కులం పేరు 'యానాది' అని, ఎస్టీ అని స్పష్టంగా రాయించండి. రెండు, పద్దెనిమిది నిండిన ప్రతి ఒక్కరి పేరూ ఓటరు జాబితాకి ఎక్కించండి. మూడు, మండలాల వారీగా మన కాలనీల పటం ఇప్పుడే తయారుచేయండి. నాలుగు, ఎస్టీ సీట్లను కూడా రాష్ట్రమంతా పంచాలన్న మాట వచ్చే చట్టంలో పెట్టమని గ్రామసభ తీర్మానాలు చేసి ఎంపీలకు పంపండి.

కమిషన్ ముసాయిదా అచ్చువేస్తుంది, అభ్యంతరాలు తీసుకుంటుంది, బహిరంగ విచారణలు పెడుతుంది. తుది ఉత్తర్వు వచ్చాక కోర్టుకెళ్లినా దాదాపు ప్రయోజనం ఉండదు. కమిషన్ పక్కన సభ్యులుగా కూర్చునేది ఎంపీలు, ఎమ్మెల్యేలే. వాళ్లలో మన మనిషి లేడు. అందుకే విచారణ పెట్టిన రోజు చేతిలో పటం, తీర్మానం పట్టుకుని ఆ హాల్లో మనమే ఉండాలి.