గెలిచిన ఆర్డరు పెట్టెలో పెడితే పైసలు రావు



మొన్న మా ఊళ్ళో ఒక పెద్దాయన ఇనప్పెట్టె తీసి హైకోర్టు ఆర్డరు చూపించాడు. కాలువ కింద పోయిన పొలానికి ఎనిమిది వారాల్లో పరిహారం కట్టమని ఉంది. "గెలిచాం కదా, వాళ్ళే పిలుస్తారులే అనుకున్నా" అన్నాడు. రెండేళ్ళయింది, పిలుపు రాలేదు. ఎప్పుడు పోయినా ఫైలు పైకి పోయిందనే మాట. వకీలు దగ్గరికి తీసుకుపోతే ఆయన ముందు అడిగింది ఒకటే: "ఆర్డరు కాపీ ఆఫీసులో ఇచ్చినట్టు రశీదు ఉందా?" లేదు.

కోర్టు ధిక్కరణ చట్టం 1971 నాటిది. ఆర్డరును కావాలని పాటించకపోతే ఆరు నెలల దాకా జైలు, రెండు వేల రూపాయల దాకా జరిమానా ఉంటాయి. "కావాలని" అన్న మాట దగ్గరే మన కేసులు జారిపోతున్నాయి. కాపీ మాకు అందలేదని ఆఫీసరు అంటే మన దగ్గర రుజువేదీ? అందుకే సర్టిఫైడ్ కాపీ రాగానే ఆఫీసులో ఇచ్చి, మన కాపీ మీద ముద్ర, తేదీ వేయించుకోండి. తీసుకోకపోతే అక్నాలెడ్జిమెంటుతో పోస్టులో పంపండి.

రెండో సంగతి గడువు. ధిక్కరణ జరిగిన నాటినుంచి ఏడాదిలోపు కోర్టుకు పోవాలి. ఎనిమిది వారాలు దాటాక కూడా "వచ్చే నెల చూద్దాం" అని తిప్పుతుంటే, కరిగిపోయేది మన ఏడాదే.

మూడోది, ఆర్డరులో ఏముందో చదివించుకోండి. "చెల్లించండి" అంటే చెల్లించాల్సిందే. "అర్జీ పరిశీలించండి" అని మాత్రమే ఉంటే, పరిశీలించి కాదని రాసిచ్చినా ఆర్డరు పాటించినట్టే. మళ్ళీ కొత్త కేసే.

ఆఫీసర్లకు ఏమీ కాదులే అనుకోకండి. గుంటూరు జిల్లాలో పేదల గుడిసెలు తీయొద్దని 2013 డిసెంబరులో హైకోర్టు చెప్పినా, 2014 జనవరిలో తహసీల్దారు కూలగొట్టించాడు. ఆయన ఆ తర్వాత డిప్యూటీ కలెక్టర్ అయ్యాడు. 2025 మేలో సుప్రీంకోర్టు ఆయన్ని మళ్ళీ తహసీల్దారు స్థాయికి దింపి, లక్ష రూపాయల జరిమానా వేసింది. మంచిదే. కానీ పదకొండేళ్ళు! గూడు పోయిన వాళ్ళ సంగతేంటి?

నా మాట ఇది. ఆఫీసరు జైలుకు పోతే మన కడుపు నిండదు, మనకు కావలసింది మన డబ్బు. ఒక కేసు గెలిచిన రైతు, ఆ గెలుపు అమలు కావడానికి ఇంకో కేసు వేయాల్సి రావడమే అసలు అన్యాయం. గడువు దాటిన కోర్టు ఆర్డర్లు ఎన్ని ఉన్నాయో ప్రతి కలెక్టరాఫీసులో బోర్డు మీద రాసిపెట్టాలి. సోమవారం గ్రీవెన్సులో మనమంతా ఇదే అడగాలి.

అడిగే ముందు మన సంగతీ చూసుకుందాం. గట్టు తగాదాలో ఇంజంక్షన్ ఉన్నా రాత్రికి రాత్రి ట్రాక్టరు దింపేవాళ్ళు మనలోనూ ఉన్నారు. దానికీ మూడు నెలల దాకా సివిల్ జైలు, ఆస్తి జప్తు ఉన్నాయి. కోర్టు మాట మన మీదికి వచ్చినా పాటిస్తేనే, ఆఫీసరును గట్టిగా నిలదీయగలం.

మీ ఇంట్లోనూ అలాంటి కాయితం ఉంటే ఇవాళే తీసి తేదీ చూడండి. ఏడాది దాటకముందే వకీలును కలవండి.